పులిని దాచిన డిస్కు

"మీది ఏ సంవత్సరం?"

గడప దాటకముందే ఎదురైన ఈ ప్రశ్నకి వెంగ్ రూయ్-షియాకి ఒళ్ళు మండింది. యాభై మూడేళ్ళ మనిషి. ఇరవై రెండేళ్ళు పోలీసు ఉద్యోగం చేసి, పైవాళ్ళతో పడక రాజీనామా కాగితం వాళ్ళ మొహాన కొట్టి, జియాయిలో సొంతంగా డిటెక్టివ్ ఆఫీసు పెట్టుకుంది. ఇన్నేళ్ళలో ఎవరి గుమ్మం ఎక్కినా ఎవరు, ఎందుకు వచ్చారు అని అడిగారు గానీ, పన్నెండు జంతువుల పేర్లతో తిరిగే ఏళ్ళలో ఏ జంతువు ఏడాదిలో పుట్టావని ఎవరూ అడగలేదు.

"కోతి," అంది పళ్ళబిగువున.

పెళ్ళికొడుకు తల్లి షెన్ గారి భార్య అప్పటికి ఊపిరి పీల్చుకుని పక్కకి తప్పుకుంది. పెళ్ళయి పన్నెండు రోజులే అయిందనీ, కొత్త దంపతుల గదిలోకి ఎవర్ని పడితే వాళ్ళని రానివ్వలేమనీ, కోడలు ఒప్పుకుంది కాబట్టి అయిదు నిమిషాలు చూసి వెళ్ళమనీ గబగబా చెప్పింది. ఆ కోడలు మంచం చివర ముడుచుకుని కూర్చుని నేలచూపులు చూస్తోంది.

అప్పుడు టైము రెండూ ఇరవై. సాయంత్రం అయిదింటికి తూ జిన్-హై అనే కరెంటు మేస్త్రీ, తను చెయ్యని హత్య తనే చేశానని ఒప్పుకుంటూ సంతకం పెట్టబోతున్నాడు. పన్నెండు రోజులు కంటిమీద కునుకు పడనివ్వకుండా ప్రశ్నలు వేస్తే మనిషన్నవాడు దేనికైనా సంతకం పెడతాడు. అయిదు దాటాక ఫైలు ప్రాసిక్యూటర్ దగ్గరికి పోతుంది. ఆ తర్వాత దాన్ని వెనక్కి లాగడం వెంగ్ వల్ల కాదు, ఇంకెవరి వల్లా కాదు.

కేసు చూస్తే పట్టుమని పది వాక్యాలు లేదు. పెళ్ళిరోజు ఉదయం జియాయి బజారులో యాన్ తియెన్-ఫూ అనే టీ వ్యాపారిని అతని దుకాణం వెనకగదిలో ఎవరో తల పగలగొట్టి చంపారు. తొమ్మిదీ ముప్ఫై ఆరుకి తమ్ముడితో ఫోన్లో మాట్లాడుతున్నవాడు మాట మధ్యలో ఆగిపోయాడు. తొమ్మిదీ యాభై అయిదుకి పక్క దుకాణం ఆవిడ శవాన్ని చూసి కేక పెట్టింది. వారం ముందు ఆ యాన్‌తో తూ మేస్త్రీ నడిబజారులో కాలర్లు పట్టుకుని పోట్లాడాడు. శవం పక్కన దొరికిందని పోలీసులు చూపిస్తున్న రెంచి మేస్త్రీదే. అదెలా పోయిందో, ఎప్పుడు పోయిందో అతనికి తెలీదు. ముందురోజే ఎవరో కొట్టేసి ఉంటారని వెంగ్ అనుకుంటూ వస్తోంది.

ఆ టైములో తను పక్క ఊరు మిన్‌షియాంగ్‌లో షెన్ వాళ్ళింట్లో, సరిగ్గా ఈ గదిలోనే ఉన్నానని మేస్త్రీ నెత్తీ నోరూ బాదుకున్నాడు. ఏసీ లోంచి నీళ్ళు కారి పెళ్ళిమంచం తడిసిపోతోందని ఎవరో ఫోను చేస్తే పరుగెత్తుకు వచ్చాడట. ఇక్కడినుంచి యాన్ దుకాణానికి స్కూటర్ మీద ఎంత తోలినా ఇరవై అయిదు నిమిషాలు. అతను చెప్పింది నిజమైతే కేసే లేదు. కానీ పెళ్ళికి వచ్చిన ఇరవై ముగ్గురూ కూడబలుక్కున్నట్టు, ఆ రోజు మేస్త్రీ అన్నవాడెవడూ మా గుమ్మం తొక్కలేదన్నారు. పెళ్ళి వీడియోలో కూడా అతని నీడైనా లేదు.

వెంగ్ కుర్చీ లాక్కుని ఎక్కి ఏసీ చూసింది. గొట్టం బిగించిన నట్టు మీద కొత్త గీతలు తళతళలాడుతున్నాయి. అడిగితే కొన్నప్పుడు షాపువాళ్ళు బిగించినవేనంది షెన్ గారి భార్య. ఏసీ కొని మూడేళ్ళయిందని అంతకు ముందు నిమిషంలోనే ఆవిడే చెప్పిన సంగతి వెంగ్ గుర్తు చెయ్యలేదు. కిందికి దిగి, మంచం తలగడవైపు గోడకీ మంచానికీ మధ్య సందులో చెయ్యి పెట్టి తడిమింది.

వేళ్ళకి అయిదారు బియ్యపు గింజలు, నాలుగు కల్లుప్పు పలుకులు అంటుకుని వచ్చాయి.

పెళ్ళిమంచం మీద ఖర్జూరాలు పోస్తారు, వేరుశనగలు పోస్తారు, చక్కెర బిళ్ళలు పోస్తారు. ఉప్పూ బియ్యం కలిపి చల్లేది చావింటినుంచి వచ్చినప్పుడు, కీడు సోకిందనుకున్నప్పుడు. అవి శోభనం గదిలోకి ఎందుకు వచ్చాయి? గడపలోనే తనని ఏ సంవత్సరం అని ఎందుకు అడిగారు? రెండూ కలిపి చూసేసరికి వెంగ్‌కి అరికాలి మంట నెత్తికెక్కింది.

"తూ మేస్త్రీకి నలభై ఏడేళ్ళు," అంది నెమ్మదిగా. "అంటే పులి."

"ఆ మాట ఈ గదిలో అనకండి," అంటూ షెన్ గారి భార్య కోడలికి అడ్డంగా వచ్చి నిలబడింది.

పులి సంవత్సరంలో పుట్టినవాడు పెళ్ళికూతురి గదిలో అడుగుపెడితే కడుపు పండదని ఇక్కడ పసిపిల్లలకి కూడా తెలుసు. తెలిసిపోయాక ఇంటావిడ ఏం చేసి ఉంటుందో వెంగ్ ఊహించనక్కర్లేదు, సాక్ష్యం ఆమె అరచేతిలోనే ఉంది. అయినా అడిగింది. పులి వచ్చి వెళ్ళిందన్న సంగతి వియ్యాలవారికి తెలియకుండా ఉండాలని, ఒక మనిషిని ఉరికంబం దాకా పంపిస్తారా అని మొహం మీదే అడిగింది. అతను చంపాడో లేదో మాకేం తెలుసు, అతనే చంపాడని పోలీసాయన గట్టిగా చెప్పాడు కదా, అలాంటివాడికోసం మా వంశం ఎందుకు నాశనం చేసుకోవాలి అంది ఆవిడ. చెప్పి ఏడ్చింది కూడా. ఆ ఏడుపు చూసి వెంగ్‌కి జాలి కలగలేదు. చెంప పగలగొట్టాలనిపించింది.

ఆమె వీధిగుమ్మం దిగుతుంటే కొత్తకోడలు చెప్పుల బల్ల దగ్గరికి వచ్చి, వీడియో తీసిన లువోని అడగమని గొణిగి లోపలికి వెళ్ళిపోయింది.

*

లువో స్టూడియోకి చేరేసరికి మూడూ పది. వక్క నములుతూ కంప్యూటర్ ముందు కూర్చున్న లువో, వెంగ్‌ని చూడగానే మొహం నిండా నవ్వు పులుముకున్నాడు. షెన్ వాళ్ళ పెళ్ళి అనగానే ఆ నవ్వు కాస్తా మాయమైంది. వీడియో మొత్తం పోలీసుల దగ్గర ఉందనీ, అందులో లేనిది తన దగ్గర ఎక్కడినుంచి వస్తుందనీ అడిగాడు.

"నీ కాపీ పెట్టు," అంది వెంగ్.

పెట్టాడు. ప్లేయర్ తెరిచి ఫోల్డర్ మొత్తం ఒక్కసారిగా దానికి అప్పగించాడు. సన్నాయిలు మోగాయి, ఎర్ర అక్షరాలు వచ్చాయి, కారు దిగుతున్న పెళ్ళికూతురు కనిపించింది. కింద మొత్తం నిడివి గంటా యాభై రెండు నిమిషాల పది సెకన్లు. పోలీసుల దగ్గర ఉన్నదీ అంతే. చూశారా అన్నట్టు చేతులు చాపాడు లువో.

"ప్లేయర్ మూసెయ్. ఫోల్డర్ తెరువు. లోపల ఏమేం ఫైళ్ళున్నాయో చూపించు."

"వాటితో మీకేం పని అక్కా. అవన్నీ మిషను చూసుకునేవి."

"పదేళ్ళుగా నా తిండి దారితప్పిన మొగుళ్ళ గుట్టు ఉన్న డిస్కులు చూసే తింటున్నాను. నాకు పాఠాలు చెప్పకు. తెరువు."

తెరిచాడు. అయిదు పెద్ద ఫైళ్ళున్నాయి, బొమ్మా మాటా అంతా వాటిలోనే. వాటి పక్కన చిన్న ఫైళ్ళు. ఒకటి ప్లేయర్‌కి దారి చూపించేది. ఎక్కడ మొదలుపెట్టాలి, దేని తర్వాత ఏది ఆడాలి అని అదే చెబుతుంది. దాని పక్కనే దాని నకలు. డిస్కు మీద గీత పడి మొదటిది చెడిపోతే ప్లేయర్ ఈ నకలు చదువుకుంటుంది. తయారుచేసే సాఫ్ట్‌వేర్ రెండిటినీ ఒకేసారి రాస్తుంది కాబట్టి, కవల పిల్లల్లా రెండిటి పుట్టిన టైమూ ఒకటే ఉండాలి.

నకలు పుట్టింది పెళ్ళిరోజు సాయంత్రం ఆరూ అయిదుకి. అసలుది రాత్రి తొమ్మిదీ నలభైకి.

వెంగ్ ఆ రెండు టైముల మీదా వేలు పెట్టి చూపించింది. లువో వక్క ఉమ్మాలని లేవబోతే భుజం పట్టుకుని మళ్ళీ కుర్చీలోకి నొక్కింది. దారి మార్చావు కదూ అని అడిగింది. ప్లేయర్ మేస్త్రీ ఉన్న ముక్క దగ్గరికి వచ్చేసరికి గెంతి అవతల పడేలా చేశావు, కానీ ముక్క మాత్రం లోపలే ఉంది కదూ. వెంగ్ మౌసు లాక్కుని మూడో పెద్ద ఫైలు మీద రెండుసార్లు నొక్కింది.

"అలా విడిగా నొక్కకూడదక్కా, అది సరిగా ఆడదు. టైములన్నీ తప్పు చూపిస్తుంది."

"సరిగా ఆడించినందుకే కదరా ఆ మనిషి లోపల ఉన్నాడు."

తొమ్మిదో నిమిషం దగ్గర పెళ్ళిగది తలుపు తెరుచుకుంది. కుర్చీ మీద నిలబడి, చొక్కా వీపంతా చెమటతో తడిసి, ఏసీలోకి తలదూర్చి ఉన్నాడొక మనిషి. చప్పుడికి వెనక్కి తిరిగాడు. తూ మేస్త్రీ.

వెంగ్ అక్కడే ఆపేసింది. ఆపేసి లువో వైపు తిరిగింది. ఆ తర్వాత లువో చెప్పకుండా ఉండలేకపోయాడు. పెళ్ళిరోజు రాత్రి ఎనిమిదింటికి షెన్ గారి భార్య వచ్చి ఆ ముక్క తీసేస్తేగానీ కదలనని కూర్చుందట. తెల్లారేసరికి పన్నెండు ఇళ్ళకి డిస్కులు పంచాలి. ముక్క నిజంగా కోసి, వీడియో అంతా మళ్ళీ తయారుచెయ్యాలంటే ఆరు గంటలు పడుతుంది. అందుకని దారి మాత్రం మార్చి ఊరుకున్నాడు. నకలు సంగతి మర్చిపోయాడు. పోలీసులు వచ్చి ఇదేనా మొత్తం వీడియో అని అడిగితే ఇదేనన్నాడు. పెళ్ళి కుదిర్చిన పేరయ్య పెళ్ళాం షెన్ గారి భార్యకి సొంత చెల్లెలట. ఆ ఆలుమగల్ని కాదంటే ఈ చుట్టుపక్కల తనకి ఇంకో పెళ్ళి దొరకదట.

"నీకు పెళ్ళిళ్ళు దొరకాలని అతని పీక కోయించావన్నమాట. మేస్త్రీ కూతురు నీ గుమ్మంలోకి వచ్చి ఏడ్చినప్పుడైనా నోరు పెగల్లేదా నీకు?"

సాక్ష్యం చెబుతావా అని వెంగ్ అడిగితే, మీరు రమ్మన్నప్పుడు వస్తానన్నాడు లువో. రాసివ్వమంది. కాలూ చెయ్యీ ఆడక అతను రెండు కాగితాలు పాడుచేసి మూడోదాని మీద రాసేసరికి నాలుగూ రెండయింది. ఆ ముక్కలో మిగతా నాలుగు నిమిషాలూ కూర్చుని చూసే తీరిక లేదు. స్టేషనుకి ముప్ఫై అయిదు నిమిషాల దారి, మధ్యలో రైల్వే గేటు ఒకటి. వెంగ్ స్కూటర్ తీసింది.

*

స్టేషను వరండాలో మేస్త్రీ కూతురు పేయ్-వెన్ బల్ల మీద కూర్చుని ఉంది. ఆస్పత్రి నర్సు డ్రెస్సు కూడా మార్చుకోకుండా వచ్చినట్టుంది. తల్లి లేని పిల్ల, వెంగ్‌కి ఈ కేసు అప్పగించింది ఆమే. పన్నెండు రోజుల్లో సగమైపోయింది. దొరికింది, మీ నాన్న అందులో ఉన్నాడు, లువో దగ్గర కళ్ళారా చూశాను అని వెంగ్ చెవిలో చెప్పేసరికి, ఆమె ఏడవకుండా వెంగ్ చెయ్యి మాత్రం గట్టిగా పట్టుకుంది. ఇద్దరూ ఇన్‌స్పెక్టర్ జియెన్ గదిలోకి వెళ్ళేసరికి నాలుగూ నలభై మూడు.

జియెన్‌కి ఒకప్పుడు పని నేర్పింది వెంగే. శవం దగ్గర ఏ వస్తువు ఎన్నింటికి దొరికిందో నిమిషంతో సహా రాయడం, కింద సంతకం పెట్టడం చెయ్యి పట్టి దిద్దించింది. ఆమె ఉద్యోగం వదిలేశాక ఆ కుర్చీలో కూర్చున్నది అతనే. అప్పట్నుంచి కనిపించినప్పుడల్లా ఎత్తిపొడుస్తూనే ఉంటాడు.

"రండి అక్కగారూ. మొగుళ్ళ వెంట పడేవాళ్ళు హత్య కేసుల దాకా వచ్చారేంటి?"

"మీరు నేరస్థుల వెంట పడటం మానేశారు కదా, ఆ పని కూడా నామీదే పడింది. నీ బీరువాలో ఉన్న పెళ్ళి డిస్కు తియ్యి."

తను తెచ్చిన డిస్కు పెడితే, నువ్వే ఏదో కలిపి తెచ్చావంటాడని ఆమెకి తెలుసు. అందుకే అతని సీలు, అతని డిస్కు, అతని కంప్యూటర్. జియెన్ విసుక్కున్నాడు. తను ఆ వీడియో మూడుసార్లు మొదట్నుంచి చివరిదాకా చూశాననీ, మేస్త్రీని కూర్చోబెట్టి చూపించాననీ, అందులో తను లేకపోవడం చూసి మేస్త్రీయే నోరుమూసుకున్నాడనీ అన్నాడు. అయినా డిస్కు తీశాడు. ఈ ఆడమనిషి చేతకానితనం కూడా చూద్దాం అనుకున్నట్టుంది.

వెంగ్ ప్లేయర్ జోలికి వెళ్ళలేదు. ఫోల్డర్ తెరిచి, కవల ఫైళ్ళ టైములు చూపించి, లువో రాసిచ్చిన కాగితం బల్ల మీద పరిచింది. జియెన్ కాగితం చదివాడు. విడి ఫైళ్ళ టైములు కోర్టులో నిలవవని సణిగాడు. ఫైలు చూపించే టైము తనకి అక్కర్లేదని చెప్పి, ఆమె మూడో ఫైలు నొక్కి తొమ్మిదో నిమిషానికి లాగింది.

తలుపు తెరుచుకుంది. కుర్చీ మీద తూ మేస్త్రీ. నాన్నా అంటూ పేయ్-వెన్ తెర దగ్గరికి వంగింది. పెళ్ళికూతుర్ని పట్టుకుని ఆడవాళ్ళు బిలబిలమంటూ లోపలికి వచ్చారు. తొమ్మిదీ నలభై అయిదుకి పిల్ల మంచం మీద కూర్చోవాలి, అది ముహూర్తం. ఒక్క క్షణం అటూ ఇటూ కాకూడదని పేరయ్య పెళ్ళాం సెల్‌ఫోన్‌లో టైము చెప్పే నంబరు కలిపి, స్పీకర్ పెట్టి అందరికీ వినిపిస్తోంది. ఫోన్లోంచి ఆడగొంతు స్పష్టంగా వచ్చింది.

"తొమ్మిది గంటల, నలభై మూడు నిమిషాల, ఇరవై సెకన్లు."

వెంగ్ ఆపి జియెన్ మొహంలోకి చూసింది. ఇది గోడ గడియారం కాదు, నీకూ నాకూ దేశానికంతటికీ ఒకటే టైము అంది. యాన్ మాట ఆగిపోయింది తొమ్మిదీ ముప్ఫై ఆరుకి. ఏడు నిమిషాల్లో జియాయి నుంచి మిన్‌షియాంగ్ వచ్చి, కుర్చీ ఎక్కి, ఏసీ విప్పడానికి మేస్త్రీకి రెక్కలేమైనా ఉన్నాయా అని అడిగింది. అలా అడగడంతో ఆమెకి పన్నెండు రోజుల కసి తీరినట్టయింది. మిగతాది కూడా చూడమని మళ్ళీ నడిపించింది.

ఇంకొక్క నట్టు బిగిస్తే అయిపోతుందని మేస్త్రీ అందరికీ దణ్ణం పెడుతున్నాడు. కుర్చీ మీద పెట్టిన సంచిలోంచి రెంచి తీసి గొట్టానికి తగిలించి బిగించాడు. అప్పటికి పిల్ల మంచం మీద కూర్చుని రెండు నిమిషాలైంది. సరిగ్గా అప్పుడే మూల నిలబడ్డ ముసలామె ఒకావిడ, నువ్వు మా తమ్ముడి క్లాసువాడివి కదూ, అయితే నువ్వు పులివి కాదూ అంది. గదంతా గొల్లుమంది. షెన్ గారి భార్య దోసిళ్ళతో ఉప్పూ బియ్యం తెచ్చి మేస్త్రీ నెత్తిన కొట్టింది. రెంచి చేత్తో పట్టుకునే అతను కిందికి దూకి, సంచిలో పడేసుకుని, తలుపు వైపు పరుగెత్తాడు.

"వెనక్కి తిప్పండి పిన్నీ," అంది పేయ్-వెన్.

వెంగ్ తిప్పింది. తెర మీద మేస్త్రీ చెయ్యి, చేతిలో రెంచి.

"అది పోలీసుల దగ్గరున్న రెంచే. ఆ ఎర్ర టేపు నేనే చుట్టాను. చివర సరిపోక పచ్చది వేశాను. ముందురోజు పోయిందన్నారు కదా, ఇక్కడే ఉందిగా మరి."

వెంగ్ చప్పున ఆ పిల్ల మోచెయ్యి నొక్కింది. అప్పటికే ఆలస్యమైపోయింది.

శవం దగ్గర దొరికిన వస్తువుల జాబితా వెంగ్‌కి కంఠతా వచ్చు. ఎర్ర టేపు, చివర పచ్చ టేపు చుట్టిన రెంచి ఒకటి, శవానికి ఎడమపక్క, ఉదయం పదీ అయిదు. పోలీసులు అక్కడికి చేరిందే పదీ రెండుకి. మేస్త్రీ ఈ గదిలోంచి బయటపడింది తొమ్మిదీ నలభై ఏడుకి, రెంచి సంచిలో వేసుకుని. ఎంత వేగంగా వెళ్ళినా పదీ పన్నెండు లోపల అతను గానీ, ఆ రెంచి గానీ యాన్ దుకాణానికి చేరలేవు. ఆ తర్వాత ఆ సంచిని వేరే వాళ్ళెవరూ ముట్టుకోలేదు. పదకొండున్నరకి మేస్త్రీ ఇంట్లో అతన్ని అరెస్టు చేసినవాడే సంచి పట్టుకెళ్ళాడు. జాబితా రాసిందీ, కింద సంతకం పెట్టిందీ ఈ జియెనే.

ఆమె ఇన్ని రోజులూ రెంచి కొట్టేసిన దొంగ కోసం ఊరంతా వెతికింది. వెతికి వెతికి, ఉన్న ఒక్క రుజువూ తెచ్చి ఆ దొంగ చేతిలోనే పెట్టింది.

"పదీ అయిదుకి ఆ రెంచి నీకెక్కడ దొరికింది జియెన్?"

జియెన్ చెయ్యి చాపి డిస్కు బయటికి తీశాడు, చొక్కా లోపల పెట్టుకున్నాడు, లువో కాగితం మడిచి దాంతోపాటే పెట్టుకున్నాడు. లేచి వెళ్ళి తలుపు గడియ వేశాడు. తిరిగి వచ్చినప్పుడు అతని గొంతులో ఎత్తిపొడుపు లేదు.

"మేస్త్రీ నాలుగున్నరకే సంతకం పెట్టేశాడక్కా. ఫైలు కింద బండిలో ఉంది. ఈ కాగితం సంగతి లువోతో నేను మాట్లాడుకుంటాను. దారి మార్చానని రాశాడు గానీ, ముక్క తన దగ్గర కూడా ఉందని రాయలేదు. ఇప్పుడు నువ్వు చెప్పు. లోపలి ఈ నాలుగు నిమిషాలు ఇంకెవరి దగ్గరున్నాయి? ఇంకెవరు చూశారు?"

పేయ్-వెన్ నోరు తెరవబోయింది. వెంగ్ బల్ల కింద ఆమె కాలు గట్టిగా తొక్కింది.

"ఎవరి దగ్గరా లేవు. చూసింది మేమిద్దరమే, అదీ ఇప్పుడే," అంది జియెన్ కళ్ళలోకి సూటిగా చూస్తూ. తూ మేస్త్రీ బతకాలంటే స్టూడియోలో ఉన్న ఆ కాపీ, పన్నెండు ఇళ్ళలో ఉన్న డిస్కులు బతకాలి, అవి బతకాలంటే ఈ మాటే చెప్పాలి. ఇక చూసిన తామిద్దరూ ఈ గదిలోంచి బయటపడతారా లేదా అన్నది జియెన్ చేతిలో ఉంది.